నూట ముప్పై ఐదు రూపాయల ఫొటో

"ఈ బండి నీదే అనడానికి రుజువేమిటమ్మా?"
లారీ తరపు నల్లకోటు బాబు అడిగాడు.

నానేటి సెప్పను?
మూడో కిక్కుకి గాని అందుకోదని సెప్పనా,
ఎడం అద్దం ఇరిగిపోతే
మంగలి ఆదియ్య కాడ పాత ముక్క అడిగి కట్టానని సెప్పనా,
పెదవాల్తేరు డౌన్లో బ్రేకు కన్నా ముందు
నా కుడికాలే నేలకి తగల్తాదని సెప్పనా.
అయ్యేవీ కాగితాలు కావు గదా.

కాగితం మీద పేరు బొంగు సింహాద్రిది.
ఆడు ఈరావలు ఎల్లిపోనాడు, గుజరాతీల బోటెక్కి.
ఎల్లే ముందు పద్దెనిమిదేలకి బేరం.
పన్నెండు సేతిలో ఎట్టాను,
మిగతా ఆరూ సీటీ పాట ఎత్తేక.
తాళానికి పసుపుదారం కట్టిచ్చి
"మసేనప్పా, పేరు మార్పించీసుకో" అన్నాడు.

మాధవధార ఆఫీసు ముందు బ్రోకరు
మూడేలు అడిగాడు,
రెండు ఫారాల మీద సింహాద్రి సంతకం అడిగాడు.
అది ఏట మూసేసిన నెల.
సముద్రానికి సెలవిచ్చినోళ్ళు
పొయ్యికి ఇయ్యరు గదా.
రేపన్నాను.
ఆ రేపుకి మూడేళ్ళు నిండాయి.

కాన్వెంటు జంక్షన్ కాడ బొగ్గు లారీ
ఎనక్కొచ్చినప్పుడు
బండి ఎవడి పేరనుందో సూసి రానేదు.
ఐసుపెట్టె పగిలి కానాగంతలు రోడ్డు మీద మెరిసాయి,
ఎవుడో పాపం ఏరి సంచీలో ఏసాడు,
ఆ సంచీ తోటే ఎల్లిపోనాడు.
నా మోకాలు ఒకేపు, బండి ఒకేపు తిరిగిపోనాయి.
మోకాలు ఎవరిదని ఎవుడూ అడగనేదు.
బండికి మాత్రం తల్లెవరు, తండ్రెవరని
పద్నాలుగు నెలలుగా అడుగుతున్నారు.

సింహాద్రి ఫోను దొరికేది పదేను రోజులకోసారి,
బోటు గట్టుకొచ్చినప్పుడు.
"సంతకం ఎడితే కేసు నా మీదకొస్తాదేటప్పా?"
ఆడి గొంతులో ఉప్పుగాలి, భయం.
నాను తిట్టనేదు.
ముగ్గురు ఆడపిల్లలోడు.

ఆ రాత్రి బియ్యం డబ్బా ఎనక
బిస్కెట్ల రేకుడబ్బా దొరికింది.
మూత తీస్తే
ఏడు సలానాలు.

సిరిపురం కాడ, జగదాంబ కాడ, గురుద్వారా కాడ
కరెంటు స్తంభం మీద కన్ను నన్ను పట్టీసేది.
మెసేజీ సింహాద్రికి పోయేది.
"అప్పా, మళ్ళీ నీ ఫొటో ఒచ్చింది, కట్టీ" అనేవోడు.
కంచరపాలెం మీసేవలో నూట ముప్పై ఐదు కట్టి
అచ్చు కాగితం దాసుకునేదాన్ని,
ఎందుకో తెలీదు,
నాకు ఏరే ఫొటోలు నేవు.

ఒకదాన్లో వోన, నెత్తి మీద పాలితిన్ కవరు.
ఒకదాన్లో ఎనక మా సిన్నోడు, స్కూలు బేగు.
సిరిపురం దాన్లో మాత్రం బాగా పడ్డాను:
ఎర్రసీర, కనకాంబరాలు, ఎవుర్నో సూసి నవ్వుతున్నాను.
నెత్తిన హెల్మెట్టు నేదు.
ముందర నెంబరు పలక తేటగా ఉంది.

కోర్టులో ఏడూ వరసగా పేర్సాను.
నల్లకోటు బాబు కళ్ళజోడు సర్దుకున్నాడు.
"దొంగతనం చేసినవాళ్ళు కూడా
ఫొటోలో పడతారు కదమ్మా?"

"దొంగోడు జరిమానా కడతాడేటి బాబూ,
అదీ ఏడుసార్లు?"

ఎనక బెంచీలో ఎవుడో కిసుక్కుమన్నాడు.
జడ్జమ్మ తలొంచుకుని ఏదో రాసుకుంది.
నవ్విందో నేదో కనపడనేదు.

వాయిదా పదేనో తారీకుకి పడ్డాది.
ఏట తెరిసే రోజది.
మొదటి బోట్లు తెల్లారకుండా కదులుతాయి.

వొచ్చే దారిలో స్టేషన్ ఎనకాల గోడ కాడికి ఎల్లాను.
నా బండి తుప్పట్టి ఒరిగి ఉంది.
సీటు మీద రెండు పిల్లులు
ముక్కు ఆనించి పడుకున్నాయి,
ఆటికి ఇంకా వాసనొస్తంది.
కొంగుతో దీపం అద్దం తుడిసాను.
"ఏయ్, ఎవరి బండది?" అని అరిసాడు కానిస్టేబులు.

తిరిగి సూడనేదు.
తుడుస్తనే ఉన్నాను.